డాబా మీద టికీ బార్: ముందు కుర్చీ వేసుకుని కూర్చోండి

నేను సినిమాల్లో ఆర్ట్ డిపార్ట్‌మెంట్ మనిషిని. ఉండేది హైదరాబాద్ కృష్ణానగర్‌లో. అడవి సెట్టు, గుహ సెట్టు, పల్లెటూరి కల్లు దుకాణం సెట్టు... పద్దెనిమిదేళ్ళుగా ఇవే కట్టడం, షూటింగ్ అయ్యాక ఇవే పీకడం. పని లేని నెలల్లో ఇళ్ళకు చేస్తాను. ఈమధ్య ఎక్కువమంది అడుగుతున్నది ఒకటే: "అన్నా, మా డాబా మీద ఆ దీవుల టైపు బార్ ఒకటి కట్టాలి." వాళ్ళు అడిగేది టికీ బార్. ఫోన్‌లో ఫొటో చూపిస్తారు. వెదురు, తాటాకు కప్పు, అనాసపండులో స్ట్రా, వెనకాల సముద్రం.

సముద్రం మనకు లేదు. బండరాళ్ళ మీద కూర్చున్న ఊరు మనది. అయినా కట్టొచ్చు. ఎందుకంటే ఈ బార్లు మొదలైన చోట కూడా అంతా కల్పనే. ఎర్నెస్ట్ గాంట్ అనే ఆయన దేశాలు తిరిగొచ్చి, అమెరికాలో మద్యనిషేధం ఎత్తేసిన 1933 ప్రాంతంలో హాలీవుడ్‌లో చిన్న బార్ తెరిచాడు. తర్వాత తన పేరు కూడా డాన్ బీచ్ అని మార్చుకున్నాడు. దక్షిణ సముద్రాల కథలతో తీసే సినిమాలకు సామాన్లు అద్దెకివ్వడం, సలహాలు చెప్పడం కూడా చేసేవాడు. అంటే మా డిపార్ట్‌మెంట్ వాడే! ఆయన పెట్టిన చెక్క బొమ్మలు, వెదురు పసిఫిక్ దీవుల తరహా. గ్లాసులో పోసిన రమ్మేమో భూగోళానికి అవతలి పక్కనున్న కరీబియన్‌ది. ఆ రెండింటికీ ఏ చుట్టరికమూ లేదు, కలిపింది ఆయనే. ఈ సంగతి తెలిశాక నాకు టెన్షన్ పోయింది. పుట్టుకతోనే సెట్టు కాబట్టి, సెట్టు కట్టినట్టే కడతాను.

సెట్టు ఎప్పుడూ కెమెరా వైపు నుంచి కడతాం. కెమెరాకు కనబడని గోడకు సున్నం కూడా వేయం. బార్‌లో కెమెరా అంటే కూర్చున్న మనిషి కళ్ళు. నేల నుంచి సుమారు నాలుగడుగుల ఎత్తు. అందుకే ఏదీ కొనకముందు ఒక ప్లాస్టిక్ కుర్చీ తీసుకుని రాత్రి ఏడున్నరకు డాబా ఎక్కండి. ఫోన్ జేబులో పెట్టి పావుగంట కూర్చోండి. ఏం కనబడుతుందో ఒక కాగితం మీద రాయండి.

మణికొండలో నేను కట్టిన ఒక డాబా పన్నెండడుగులు, పదడుగులు. కూర్చుంటే కనబడినవి ఇవీ: ఎదురు అపార్ట్‌మెంట్ మెట్ల దగ్గర తెల్లటి ట్యూబ్‌లైటు, నల్ల నీళ్ళ ట్యాంకు, రెండు డిష్ గొడుగులు, బట్టల తీగ మీద ఎవరిదో లుంగీ. ఇంటాయన అప్పటికే నలభై వేలు పెట్టి వెదురు సోఫా తెప్పించాడు. అందులో కూర్చుని చూసినా కనబడేది ఆ లుంగీయే. ముందు వీటిని కప్పేయాలి. డబ్బులు మిగిలితే సోఫా.

కప్పడానికి పిట్టగోడ మీద నుంచి నాలుగడుగుల ఎత్తు తడిక చాలు. చాలామంది డాబా అంతా చుట్టేస్తారు, అది దండగ. కూర్చున్న చోటి నుంచి చూస్తూ సుద్దముక్కతో గోడ మీద గీతలు పెట్టుకోండి. ఆ గీతల మధ్య కడితే సరిపోతుంది. స్లాబుకు మాత్రం డ్రిల్లింగ్ వేయొద్దు. వానాకాలంలో కింద బెడ్‌రూమ్‌లో మరక కనబడితే ఇంట్లోవాళ్ళు బార్‌నీ మిమ్మల్నీ కలిపి తిడతారు. 20 లీటర్ల ఖాళీ పెయింట్ డబ్బాల్లో వెదురు బొంగు నిలబెట్టి కంకర, సిమెంటు పోయండి. రెండు రోజులు ఆరాక ఎక్కడికంటే అక్కడికి జరుపుకోవచ్చు. డబ్బా కనబడకుండా గోనెసంచి చుట్టి పురికొసతో కట్టండి.

కప్పు తప్పనిసరి. ఎత్తు ఏడడుగులు దాటకూడదు. పైన ఆకాశం కనబడితే అది మామూలు డాబా పార్టీయే. పాత టికీ బార్లలో చాలావాటికి కిటికీలు కూడా ఉండేవి కావట. బయట పగలో రాత్రో తెలియకూడదని. తాటాకు కన్నా నేను ఈతచాపలకే ఓటు వేస్తాను. తేలిక, చుట్టి లోపల పెట్టుకోవచ్చు, కింద నుంచి లైటు పడితే అల్లిక బంగారు రంగులో కనిపిస్తుంది. చాపలను బొంగులకు, బొంగులను పిట్టగోడ కడ్డీలకు గట్టిగా కట్టండి. మే నెలలో సాయంత్రం ఒక్కసారిగా లేచే గాలిదుమారం సంగతి మీకు తెలుసు. నేను కట్టిన మొదటి కప్పు లేచి రెండిళ్ళ అవతల పెళ్ళి టెంటు మీద వాలింది. వాళ్ళు భోజనాల మధ్యలో ఉన్నారు. ఇక చెప్పను.

లైటు దగ్గరే నూటికి తొంభై మంది తప్పు చేస్తారు, నేనూ చేశాను. మొదటిసారి అడవి అంటే పచ్చగా ఉండాలి కదా అని నాలుగు మూలలా పచ్చ ఫ్లడ్‌లైట్లు, కౌంటర్ కింద నీలం స్ట్రిప్పు పెట్టాను. వచ్చినవాళ్ళ ముఖాలు చూస్తే మార్చురీలోంచి లేచొచ్చినట్టున్నాయి. ఇంటావిడ గ్లాసు ఎత్తి, "ఇందులో ఏం కలిపారండీ, పాచి నీళ్ళలా ఉంది" అంది. అది మంచి అనాస రసం. పదింటికల్లా అందరూ సర్దుకుని వెళ్ళిపోయారు.

మనిషి మొహానికి, రమ్ముకు, వెదురుకు మూడింటికీ పడేది ఒకటే లైటు. దీపం రంగు. ఎల్‌ఈడీ బల్బు పెట్టె మీద 2200 నుంచి 2700 కెల్విన్ అని రాసి ఉంటుంది, అది చూసి తీసుకోండి. మూడు నుంచి ఐదు వాట్లు చాలు. వాటిని ఎక్కడ పెడతారన్నది అసలు పని. పైన కాదు. మేదరివాళ్ళ దగ్గర చిన్న వెదురు గంపలు దొరుకుతాయి. గంపను బోర్లించి వేలాడదీసి, బల్బును లోపల కింది అంచు దగ్గర, అంటే నేల వైపుకు, ఉంచండి. బల్బును గంప పైభాగంలో కడితే వెలుగు ఒక ముద్దలా పడుతుంది. కింద ఉంటే అల్లిక సందుల్లోంచి వెలుతురు గీతలు గీతలుగా సాగి, చాపకప్పు మీద పెద్ద వల పరిచినట్టు నీడ పడుతుంది. గాలికి గంప కదిలితే ఆ వల కూడా కదులుతుంది. రెండు వందల రూపాయల లోపు పని ఇది. వేలు పోసి కొన్న షాండ్లియర్‌కి కూడా ఆ నీడ రాదు. ఒక్క నీలం బల్బు మాత్రం ఉంచుకోవచ్చు, అన్నిటికన్నా వెనక, ఆకుల చాటున, అదీ మసకగా. సినిమాలో వెన్నెలకు మేం చేసేది ఇదే. చోటు లోతుగా ఉన్నట్టు అనిపిస్తుంది.

కొవ్వొత్తులు, కాగడాలు, మంట పెట్టి ఇచ్చే డ్రింకులు వద్దు. ఎండిన చాప కింద కూర్చున్నారని మరిచిపోకండి.

ఇక వాన. ఈ బార్‌లో నాకు బాగా ఇష్టమైన పని ఇది. డాన్ బీచ్ తన బార్ రేకుల కప్పు మీద గొట్టంతో నీళ్ళు కొట్టించేవాడని చెప్పుకుంటారు. లోపలివాళ్ళు బయట వాన పడుతోందని ఇంకో గ్లాసు చెప్పేవాళ్ళట. మన దగ్గర అంత నీళ్ళు ఎక్కడివి, ఎండాకాలం ట్యాంకర్ పిలిస్తే ఎంత అడుగుతాడో తెలియనిది కాదు. కాబట్టి ఒకే బకెట్టు నీళ్ళను తిప్పి తిప్పి వాడాలి.

ఇంట్లో మూలనున్న కూలర్‌ మోటర్ ఒకటి తీయండి, ఆ పద్దెనిమిది వాట్లది. అది ఐదారడుగుల ఎత్తుకు నీళ్ళు ఎక్కిస్తుంది, మనకు అంతే కావాలి. అరంగుళం పీవీసీ పైపు ఐదడుగులది తీసుకుని, రెండంగుళాలకొకటి చొప్పున సన్న బెజ్జాలు వేయండి. ఒక కొసకు మూత. బార్ కౌంటర్ వెనక, చూపుకు అందకుండా, ముడతల రేకు ముక్కను ఏటవాలుగా నిలబెట్టి పైన ఈ పైపు కట్టండి. రేకు కింద సగానికి కోసిన పైపును తూములా పెడితే నీళ్ళు మళ్ళీ బకెట్టులోకి వస్తాయి. ఆన్ చేయగానే మీకు వాన వినబడదు, డబ్బా మీద దరువు వినబడుతుంది. కంగారు పడొద్దు. రేకు వెనక తడిపిన గోనెసంచి అంటించండి, మోత తగ్గుతుంది. తర్వాత రేకు మీద ఒక చోట అరటాకు, ఒక చోట చేమాకు కట్టండి. ఒక చోట రేకు ఖాళీగా వదలండి. ఇప్పుడు చినుకు మూడు రకాలుగా పడుతుంది: టపటప, చిటచిట, మధ్యలో టంగుమని ఒకటి. కళ్ళు మూసుకుంటే మా ఊళ్ళో వసారా గుర్తొస్తుంది నాకు. అన్ని బెజ్జాలూ ఒకేలా ఉంటే షవర్ చప్పుడు వస్తుంది, కాబట్టి నాలుగైదింటికి అగ్గిపుల్ల ముక్కలు గుచ్చేయండి.

మోటర్ ప్లగ్గు నేల మీద ఉండకూడదు, లైనుకు ఈఎల్‌సీబీ, అంటే కరెంటు లీకైతే లైను కట్ చేసే స్విచ్, ఉండాలి. ఇందులో బేరం లేదు.

ఈ వాన చప్పుడు ఉంటే పాటలు పెద్దగా అక్కర్లేదు. ఉకులేలే, స్టీల్ గిటార్ లాంటివి వినీవినబడనట్టు పెట్టండి. రెండో గ్లాసు తర్వాత ఎవరో ఒక బావగారు తీన్మార్ పెట్టమంటారు, ఆయనకు స్పీకర్ పాస్‌వర్డ్ ఇవ్వకండి. రాత్రి పది దాటితే లౌడ్‌స్పీకర్ చట్టప్రకారం కూడా కుదరదు.

మొక్కల విషయంలో హైదరాబాద్ ఎండ గుర్తుంచుకోండి. మార్చి నుంచి గాలి పొడిగా కొడుతుంది, ఫెర్న్ లాంటివి డాబా మీద వారంలో చురచుర ఎండిపోతాయి. అరెకా పామ్, కుండీలో అరటి, మాన్‌స్టెరా నీడపట్టున నిలబడతాయి. అన్నిటికన్నా చవక చేమ. కూరకు తెచ్చిన చేమదుంపల్లో మొలక ఉన్నవి పది ఏరి కుండీల్లో పెట్టి తడి ఆరకుండా చూస్తే రెండు నెలల్లో పెద్ద పెద్ద ఆకులు వస్తాయి, ఏనుగు చెవులంత కాకపోయినా. కుర్చీకి దగ్గరగా ఒక్క ఆకైనా భుజానికి తగిలేలా ఉంచండి. దూరంగా పెట్టిన పది కుండీల కన్నా ఆ ఒక్క ఆకు ఎక్కువ పని చేస్తుంది.

చేపల వల వేలాడదీయాలని అందరికీ ఉంటుంది. ముషీరాబాద్ చేపల మార్కెట్‌లో తిరిగి ఒకాయన దగ్గర వాడిన వల ఒకటి సంపాదించాను. చూడ్డానికి బ్రహ్మాండం. కట్టిన రాత్రి వీధిలోని పిల్లులన్నీ డాబా మీదే ఉన్నాయి. మూడు రోజులు ఉప్పునీళ్ళలో, రెండు రోజులు ఎండలో వేసినా వాసన వదల్లేదు. మీరు కొత్త వల కొనుక్కుని టీ డికాషన్‌లో ముంచండి. నూలుదైతే పాతరంగు పడుతుంది.

ఒక్క సామాను మాత్రం నేను కట్టను: ఆ కోరలు పెట్టిన చెక్క ముఖాలు, ముఖం చెక్కిన మగ్గులు. టికీ అంటే న్యూజిలాండ్ మూలవాసులైన మావోరీలకు, ఆ పసిఫిక్ దీవుల జనానికి బొమ్మ కాదు. తొలి మనిషి, పూర్వీకులు, నమ్మకం. మన ఎల్లమ్మ తల్లి ముఖాన్ని ఎవరో గ్లాసు చేసి అందులో స్ట్రా వేసి తాగితే మనకెలా ఉంటుంది? ఒకసారి అలా అనిపించాక నా చేయి ఆడలేదు. బదులుగా మట్టి ముంతలు పెడతాను, కల్లు దుకాణంలో ఉండేలాంటివి. ముందు రోజంతా నీళ్ళలో నానబెట్టాలి, లేకపోతే సగం డ్రింకు ముంతే తాగేస్తుంది. కొందరు ఇత్తడి చెంబులు తెస్తారు. ఫొటోకు బాగుంటాయి కానీ ఇందులో పడేదంతా నిమ్మరసం. కళాయి లేని ఇత్తడిలో పులుపు పోయకూడదని మా అమ్మకు తెలుసు, ఈ డెకరేటర్లకు తెలియదు.

గ్లాసులో పోసే సంగతి నాది కాదు, మా బామ్మర్దిది. వాడు జూబ్లీహిల్స్‌లో బార్ కౌంటర్ వెనక తొమ్మిదేళ్ళు చేశాడు. "బావా, నువ్వు ఎంత కట్టినా ఐసు లేకపోతే అంతా వేస్ట్" అంటాడు. ఈ డ్రింకులకు ఐసు ముక్కలు కాదు, నూరిన ఐసు కావాలి. మనిషికి కిలో లెక్క వేసుకోండి. ఫిల్టర్ నీళ్ళతో మూడు రోజుల ముందు నుంచి ట్రేలు నింపి కవర్లలో దాచండి. వీధి చివర ఐసుగడ్డ తాగడానికి పనికిరాదు. నూరడానికి మెషీన్ కొనక్కర్లేదు, మందపాటి శుభ్రమైన నూలు సంచిలో వేసి చపాతీ కర్రతో దంచండి. కరిగిన నీళ్ళను గుడ్డ పీల్చేస్తుంది, పొడి పొడిగా వస్తుంది.

మొదట నేర్చుకోవాల్సింది మై టై. 1944లో ఓక్లాండ్‌లో విక్టర్ బెర్జెరాన్ చేశానన్నాడు. ట్రేడర్ విక్ అనే పేరుతో బార్లు నడిపిన మనిషి. తాహితీ నుంచి వచ్చిన స్నేహితులు తాగి వాళ్ళ భాషలో అద్భుతం అన్నారట, ఆ మాటే పేరైంది. 60 మిల్లీలీటర్ల రమ్, 25 నిమ్మరసం, 15 కమలా లిక్కర్, 15 బాదం సిరప్. నూరిన ఐసుతో బాగా కుదిపి ముంతలో పోయడమే. రమ్ము దగ్గర మా బామ్మర్ది లెక్క సగం ఓల్డ్ మంక్, సగం తెల్ల రమ్. 1954 నుంచి మన దేశంలో ఉన్న ఆ నల్ల రమ్ములో వెనీలా రుచి ఎక్కువ, మొత్తం అదే పోస్తే మిగతావి వినబడవు అంటాడు. కమలా లిక్కర్ ఖరీదు అనిపిస్తే రెండు కమలాల తొక్కను, లోపలి తెలుపు లేకుండా తీసి, 100 గ్రాముల చక్కెరలో నలిపి నాలుగు గంటలు మూత పెట్టండి. తొక్కలో నూనె దిగి చక్కెర పాకంలా అవుతుంది. ఆ పాకం తీపి కాబట్టి బాదం సిరప్ కాస్త తగ్గించండి.

బాదం సిరప్ బయట కొనొద్దు. చాలావాటిలో వాసనే తప్ప బాదం తక్కువ. 200 గ్రాముల బాదం బేగంబజార్‌లో తెచ్చి రాత్రి నానబెట్టి, పొట్టు తీసి, 300 మిల్లీలీటర్ల నీళ్ళతో మెత్తగా రుబ్బి పల్చటి గుడ్డలో పిండండి. వచ్చిన పాల తూకానికి సమానంగా చక్కెర కలిపి, మరగనివ్వకుండా సన్న సెగ మీద కరిగించండి. చల్లారాక విదేశాల్లో నారింజ పూల నీళ్ళు కలుపుతారు. మన ఇంట్లో బిర్యానీ కోసం ఉన్న కేవ్డా, అదే మొగలి నీళ్ళు, రెండే చుక్కలు వేసి చూడండి. మూడో చుక్క పడితే బిర్యానీయే గుర్తొస్తుంది. ఫ్రిజ్‌లో వారం ఉంటుంది, తేరుకుంటుంది కాబట్టి వాడే ముందు కుదపాలి. గింజలు పడనివాళ్ళు ఉన్నారేమో ముందే అడగండి.

పీనా కొలాడా గురించి పెద్దగా చెప్పేదేమీ లేదు. ప్వెర్టో రీకోలో పుట్టింది, 1978లో అక్కడి అధికారిక పానీయం చేశారు. రమ్ 60, అనాస రసం 90, చిక్కటి కొబ్బరిపాలు 45, చక్కెర కొంచెం, ఐసుతో మిక్సీ. కొబ్బరిపాలు అప్పటికప్పుడు తీసిన మొదటి పాలే వాడండి. పొద్దున తీసి ఉంచితే సాయంత్రానికి వాసన మారుతుంది. ఇదే రమ్ లేకుండా, అర చెంచా అల్లంరసంతో చేస్తే తాగనివాళ్ళకు కూడా ముంత చేతికొస్తుంది. మా అత్తగారు మూడు తాగింది.

అన్నిటి పైనా పుదీనా రెమ్మ. రెండు అరచేతుల మధ్య ఒక్క చరుపు చరిచి గుచ్చాలి, నలపకూడదు. స్ట్రాను రెమ్మ కన్నా పొట్టిగా కోయాలి. తాగడానికి వంగితే ముక్కు నేరుగా పుదీనాలోకి వెళ్తుంది. ఇది మా బామ్మర్ది చూపించేదాకా నాకు తట్టలేదు. కెమెరా పొజిషన్ లాగా ముక్కుకు కూడా ఒక పొజిషన్ ఉందన్నమాట.

ఈ డ్రింకులు తియ్యగా ఉండి మోసం చేస్తాయి. డాన్ బీచ్ జాంబీ అని ఒకటి చేసి మనిషికి రెండే అని నియమం పెట్టాడు. మీరు కూడా కొలత గ్లాసు లేకుండా పోయకండి. తెలంగాణలో 21 ఏళ్ళు నిండనివాళ్ళకు లేదు. బండి నడిపేవాడికి 100 మిల్లీలీటర్ల రక్తంలో 30 మిల్లీగ్రాములు దాటితే కేసు, కాబట్టి వచ్చేవాళ్ళను క్యాబ్‌లో రమ్మనండి. టికెట్ పెట్టి డబ్బులు తీసుకునే ఆలోచన ఉంటే అది వేరే లెక్క, ఎక్సైజ్ వాళ్ళ దగ్గరికి వెళ్ళాలి.

దోమలకు సాంబ్రాణి వేయకండి, పుదీనా వాసన చచ్చిపోతుంది. కాళ్ళ దగ్గరగా ఒక టేబుల్ ఫ్యాన్ పెడితే ఆ గాలికి అవి నిలబడలేవు, పైగా గంపలు కదులుతాయి.

అందరూ వెళ్ళాక మోటర్ ఆపి ప్లగ్గు తీసేయండి. బకెట్టు నీళ్ళు మాత్రం ఉంచొద్దు, డెంగీ దోమకు అదే ఇల్లు. ఎంత నిద్రొస్తున్నా వాటిని చేమ కుండీల్లో పోసి దిగండి.